విమాన విద్యాగురువు స్మిత్-బారీ

మన మారేడ్‌పల్లికి సమీపమున నున్న బేగంపేట మైదానమునందు రెండవ ప్రపంచ యుద్ధ కాలమున అనేకులు భారత యువకులు టైగర్ మాత్ విమానములపై తమ తొలి పాఠములు నేర్చిరి. విమానమున గురుశిష్యులు ముందువెనుకలుగా గూర్చుండెడివారు. ఇరువురి చేతులకును విమానమును నడపు కఱ్ఱలు వేఱువేఱుగా నుండెడివి. గాలిహోరులో గురువు మాట శిష్యుని చెవి జేరుటకు ఒక గొట్టముండెడిది. ఈ బోధన పద్ధతిని క్రమమైన శాస్త్రముగా దీర్చినవాఁడు రాబర్ట్ స్మిత్-బారీ. ఆయన చరిత్రమును పాఠకులకు సంగ్రహముగా దెలుపుచున్నాము.

ఆయన 1886వ సంవత్సరమున జన్మించి, ఇంగ్లండులోని ఈటన్ పాఠశాలలో జదివెను. 1912లో అపేవన్ నందు నెలకొల్పబడిన కేంద్ర విమాన విద్యాలయపు మొదటి విద్యార్థులలో నొకఁడయ్యెను. 1914 ఆగస్టులో యుద్ధమునకై ఫ్రాన్సునకు బోయిన కొలది దినములకే ఆయన విమానము గూలెను. తోడి సైనికుఁడు మరణించెను. ఆయన రెండు కాళ్లును విఱిగెను. అయినను ఆయన విమానమును విడువలేదు. 1916లో ఫ్రాన్సునందు అఱువదవ స్క్వాడ్రనునకు నాయకుఁడయ్యెను.

అచట ఆయన హృదయమును గలచివేసినది శత్రువుల బలము మాత్రమే కాదు. కొలది గంటల అభ్యాసముతో స్వదేశము నుండి వచ్చిన బాలురు, విమానమును లొంగదీసికొనుట యెఱుగకయే ప్రాణములు గోల్పోవుచుండిరి. నాఁటి శిక్షణలో శిష్యుఁడు తఱచుగా చూచువాఁడే గాని చేయువాఁడు గాఁడు. అపాయకరములైన గతులను గురువులే తప్పించుకొని తిరిగెడివారు. ఈ లోపమును వివరించుచు ఆయన సేనాపతి ట్రెంచర్డునకు లేఖలు వ్రాసెను. ఫలితముగా 1916 డిసెంబరులో గాస్పోర్టునందలి మొదటి రిజర్వు శిక్షణ స్క్వాడ్రను ఆయన వశమయ్యెను.

ఆయన శిష్యుని పైలట్ స్థానముననే గూర్చుండబెట్టెను. అపాయమును దాచక, గురువు తోడుండగా దానిలోనికే కొనిపోయెను. ఒక్క యుదాహరణము చాలును. వేగము మిక్కిలి తగ్గినచో ఱెక్కలకు గాలి యాధారము తప్పి, విమానము గిరగిర దిరుగుచు నేలకు బడును. భయపడినవాఁడు కఱ్ఱను వెనుకకు లాగును. దానితో ఆపద మఱింత పెరుగును. తిరుగు దిశకు ఎదురుగా చుక్కానిని ద్రొక్కి, కఱ్ఱను ముందునకు నెట్టినచో వేగము గలిగి విమానము స్వాధీనమగును. నేల తన మీదికి వచ్చుచున్నట్లు గనుపించునపుడు కఱ్ఱను ముందునకు నెట్టుటకు ధైర్యమొక్కటి చాలదు. తెలిసిన విద్య కావలెను. ఆ విద్యనే ఆయన ఆవ్రో 504 విమానములపై నేర్పెను.

1917 ఆగస్టులో ఆ స్క్వాడ్రను ప్రత్యేక విమాన విద్యాలయమయ్యెను. అచట శిష్యులకంటె ముఖ్యముగా గురువులనే తయారుచేసిరి. వారి మూలమున ఆ పద్ధతి దేశదేశములకు వ్యాపించెను. గొట్టమునకు గాస్పోర్టు పేరే నిలిచెను. స్మిత్-బారీ 1949లో దక్షిణాఫ్రికాలోని డర్బనునందు మరణించెను.

1971లో మన నగర సమీపమున దుండిగల్ వాయుసేన అకాడమీ ప్రారంభమైనది. అచట నేఁడును గురువు ప్రక్కననో వెనుకనో యుండి, శిష్యుని చేతనే విమానమును నడిపించుచున్నాఁడు. యుద్ధమున శత్రువులను గూల్చినవారి పేర్లు లోకము జ్ఞాపకముంచుకొనును. శిష్యులు బ్రతికి యింటికి వచ్చునట్లు నేర్పిన ఈ గురువు పేరును గూడ మన బాలురు మఱువకుందురు గాక యని కోరుచున్నాము.