మంచులోయలో వాల్ట్ డిస్నీ

వాల్ట్ డిస్నీ అనగానే మిక్కీ మౌస్ స్ఫురించడం సహజం. శీతాకాల ఒలింపిక్ క్రీడల ప్రారంభోత్సవానికి ఆయన సూత్రధారిగా వ్యవహరించిన సంగతి మాత్రం కొద్దిమందికే తెలుసు.

డిస్నీ 1901 డిసెంబర్ 5న షికాగోలో జన్మించాడు. బాల్యంలో కాన్సాస్ నగరంలో తెల్లవారకముందే లేచి, మంచులో నడుస్తూ ఇంటింటికీ వార్తాపత్రికలు వేశాడు. 1923లో సొంత కార్టూన్ సంస్థ దివాలా తీయగా హాలీవుడ్ చేరి, అన్న రాయ్‌తో కలిసి మళ్లీ పని ప్రారంభించాడు. 1928లో మిక్కీ మౌస్, 1937లో 'స్నో వైట్' చిత్రం ఆయనకు విశ్వఖ్యాతిని తెచ్చాయి.

సినిమా నిర్మాతలు పలువురు టెలివిజన్‌ను శత్రువుగా భావించిన కాలంలో డిస్నీ దానితో చేయి కలిపాడు. 1955 జూలై 17న డిస్నీలాండ్ ప్రారంభోత్సవాన్ని ఏబీసీ సంస్థ ప్రత్యక్షంగా ప్రసారం చేసింది. ఆనాడు ఎండ మండిపోయింది. దొంగ టిక్కెట్లతో జనం పోటెత్తారు. తాగునీటి కుళాయిలు కొన్ని పనిచేయలేదు. ప్రత్యక్ష ప్రసారంలో తప్పు దిద్దుకొనే వ్యవధి ఉండదని ఆయనకు ఆ రోజే బోధపడి ఉండాలి.

అయినా వెనుకంజ వేయలేదు. 1960లో కాలిఫోర్నియాలోని స్క్వా వ్యాలీలో జరిగిన ఎనిమిదవ శీతాకాల ఒలింపిక్ క్రీడల వేడుకల బాధ్యతను స్వీకరించాడు. సీబీఎస్ సంస్థ 50,000 డాలర్లకు ప్రసార హక్కులు పొందింది. ఒలింపిక్ క్రీడలను అమెరికా ప్రజలు తమ ఇళ్లలో ప్రత్యక్షంగా చూడడం అదే మొదలు. ఆ లోయలో కూర్చున్నవారితో పాటు దూరాన తెర ముందున్న లక్షలాది మందినీ రంజింపజేయాలి. అందుకోసం డిస్నీ బృందం మంచుతో మలచినట్లు కనిపించే బృహద్విగ్రహాలను నిలిపింది. పాటకూ వాద్యానికీ ఉన్నత పాఠశాలల విద్యార్థులను వేల సంఖ్యలో సమీకరించింది.

ఫిబ్రవరి 18న ఆ శ్రమంతా మంచుపాలయ్యేలా కనిపించింది. తుఫాను వీచింది; దారులు స్తంభించాయి; వేడుక గంటసేపు ఆలస్యమైంది. బాలబాలికలు ఆ చలిలోనే వాద్యాలు పట్టుకొని నిలిచారు. తీరా కార్యక్రమం మొదలయ్యే వేళకు మబ్బులు విడి ఎండ కాసింది. ఇందులో డిస్నీ ప్రతిభ ఏమీ లేదు, కేవలం అదృష్టమే! ఢంకాధ్వానాల మధ్య దేశదేశాల పతాకాలు ఎగిశాయి. ఉపాధ్యక్షుడు రిచర్డ్ నిక్సన్ క్రీడలను ప్రారంభించాడు. ఆండ్రియా మీడ్ లారెన్స్ జ్యోతిని చేబూని కొండవాలున స్కీలపై జారుతూ దిగివచ్చింది. కెన్నెత్ హెన్రీ ఒలింపిక్ జ్వాలను వెలిగించాడు. పావురాలు ఆకాశానికెగిశాయి.

మంచుకొండలపై ఆయనకు మక్కువ తీరలేదు. కాలిఫోర్నియాలోనే మినరల్ కింగ్ లోయలో స్కీ విహారకేంద్రాన్ని నిర్మించ సంకల్పించాడు. 1966 డిసెంబర్ 15న ఆయన కన్నుమూశాడు. ప్రకృతి పరిరక్షకుల ప్రతిఘటనతో ఆ నిర్మాణం సాగలేదు. 1978లో ఆ లోయ సెక్వోయా జాతీయ ఉద్యానవనంలో కలిసిపోయింది.