ఆశ్రయపురమైన పల్లె

పఠనభాగము: ద్వితీయోపదేశకాండము 19:1-10

నిరపరాధి ప్రాణము కాపాడబడునట్లు ఆశ్రయపురములు ఏర్పరచవలెనని దేవుడు ఇశ్రాయేలీయులకు ఆజ్ఞాపించెను. గత శతాబ్దములో ఫ్రాన్సు దేశమందలి ఒక కొండపల్లె సంఘము ఆ యాజ్ఞ తమకే యియ్యబడినదని యెంచెను. ఆ సంఘకాపరి ఆండ్రే ట్రోక్మేగారు.

వారు 1901లో జన్మించిరి. 1934లో భార్య మాగ్దాగారితోను పిల్లలతోను లె షాంబోన్ గ్రామమునకు వచ్చిరి. అచ్చటి ప్రొటెస్టెంటుల పితరులు విశ్వాసము నిమిత్తము రాజులచేత హింసింపబడినవారు. ఆ జ్ఞాపకము వారి యిండ్లలో చల్లారలేదు.

1940లో ఫ్రాన్సు జర్మనీకి లొంగిపోయెను. విషీలో ఏర్పడిన ఫ్రెంచి ప్రభుత్వము హిట్లరుతో చేయి కలిపి యూదులకు విరోధముగా శాసనములు చేసెను. 1942 జూలైలో పారిస్‌లో సుమారు 13,000 మంది యూదులను పట్టుకొనినవారు ఫ్రెంచి పోలీసులే. ప్రియ చదువరులారా, హింసకుడు పరదేశియైనను, వానికి పేర్లు వ్రాసి యిచ్చిన చేయి స్వదేశస్థులదే.

లె షాంబోన్‌లో సహా, ఆశ్రయము కోరి వచ్చిన ఒక యూదురాలి కొరకు మాగ్దాగారు గ్రామాధికారిని వేడుకొనగా, ఆమెను పంపివేయుమని అతడు చెప్పెను. అయినను కాపరి యింటి తలుపు మూయబడలేదు. ఇరుగుపొరుగు రైతులును తమ తలుపులు తెరచిరి.

1942 ఆగస్టులో పోలీసులు ఖాళీ బస్సులతో వచ్చి యూదుల పేర్లు ఇమ్మనిరి. ట్రోక్మేగారు ఒక్క పేరైనను ఇయ్యలేదు. జనులు అడవులలోను పొలములలోను దాగిరి. బస్సులు దాదాపు ఖాళీగానే మరలిపోయెను. సోదాలకు ముందు ఎవరో ఫోనుచేసి, తమ పేరు చెప్పక, కాపరిని హెచ్చరించిన దినములును కలవు. అధికారుల మధ్యనుండియు మనస్సాక్షి చావలేదు.

1943 ఫిబ్రవరిలో వారిని బంధింప వచ్చిన పోలీసులకు మాగ్దాగారు భోజనము పెట్టిరి. ప్రభుత్వమునకు లోబడుదునని సంతకము చేసినయెడల విడుదల చేతుమనగా వారు చేయలేదు. అయినను కొలది వారములకే విడుదలైరి. ఆ జూన్‌లో వారి బంధువు దానియేల్ ట్రోక్మే తన పోషణలోని విద్యార్థులతో కూడ పట్టబడి, 1944లో మైదానెక్ శిబిరమున మరణించెను. ఆశ్రయమిచ్చుటకు వెల కలదు.

ట్రోక్మేగారు 1971లో జెనీవాలో ప్రభువునందు నిద్రించిరి.

అధికారులకు లోబడవలెనని రోమా 13వ అధ్యాయము మనకు బోధించుచున్నది. అయితే అధికారి నిరపరాధి పేరు అడిగిన దినమున మన కలము ఏమి వ్రాయును? ఆ దినము రాకమునుపే, మన తలుపు తట్టువారికి తలుపు తీయుట నేర్చుకొందము.