ఉద్యోగం పోయినా వెనక్కి తగ్గని ఫ్రాంక్ కామెనీ

స్వలింగ ప్రేమికులైన ఉద్యోగుల హక్కుల గురించి చెప్పుకోవాలంటే ముందుగా గుర్తుకు రావలసిన పేరు డాక్టర్ ఫ్రాంక్ కామెనీ. ఆయన 1925 మే 21న న్యూయార్క్‌లో జన్మించారు. రెండవ ప్రపంచ యుద్ధంలో సైనికుడిగా యూరప్‌లో పోరాడారు. 1956లో హార్వర్డ్‌లో ఖగోళశాస్త్రంలో డాక్టరేట్ పొందారు.

1957లో అమెరికా సైన్యపు మ్యాప్ సర్వీసులో చేరారు. కొద్ది నెలలకే, స్వలింగ ప్రేమికుడని ఆయన్ను ఉద్యోగం నుంచి తీసేశారు. అలాంటివారిని తొలగించడానికి 1953 నాటి అధ్యక్ష ఉత్తర్వు అవకాశం ఇచ్చింది. ఆపై ఏ కేంద్ర ప్రభుత్వ ఉద్యోగానికీ పనికిరారని తేల్చారు.

ఆ రోజుల్లో ఈ పరిస్థితి వచ్చినవారు చాలామంది పరువు పోతుందని మౌనంగా ఇంటికి వెళ్లిపోయేవారు. కామెనీ మాత్రం కోర్టుకు వెళ్లారు. తిండికి కటకటలాడుతూనే కింది కోర్టుల్లో ఓడారు. చివరికి లాయరు కూడా తప్పుకుంటే సుప్రీంకోర్టుకు అర్జీ తానే రాసుకున్నారు. 1961లో కోర్టు దాన్ని విచారణకు తీసుకోలేదు.

అదే ఏడాది వాషింగ్టన్‌లో మటాషీన్ సొసైటీ అనే సంఘాన్ని స్థాపించారు. లాయరు కాకపోయినా, ఉద్యోగం పోయిన ఎందరికో అప్పీళ్లలో తోడు నిలిచారు. 1965లో వైట్‌హౌస్ ముందు ప్రదర్శన చేసినప్పుడు మగవారు కోటు, టై వేసుకుని రావాలని పట్టుబట్టారు. ఉద్యోగం అడిగేవారు ఉద్యోగుల్లాగే కనిపించాలని ఆయన అభిప్రాయం.

1975లో సివిల్ సర్వీస్ కమిషన్ ఆ నిషేధాన్ని ఎత్తివేసింది. 2009లో ప్రభుత్వం ఆయనకు లిఖితపూర్వకంగా క్షమాపణ చెప్పింది. సంతకం చేసిన ఉన్నతాధికారి జాన్ బెర్రీ కూడా స్వలింగ ప్రేమికుడే. కామెనీ 2011 అక్టోబరు 11న కన్నుమూశారు. చదివిన ఖగోళశాస్త్రంలో మళ్లీ ఉద్యోగం చేసే భాగ్యం మాత్రం ఆయనకు దక్కలేదు.

తరువాత పెద్ద కంపెనీల్లోనూ ఉద్యోగులు సంఘటితమయ్యారు. ఏటీ అండ్ టీలో 1987లోనే గే, లెస్బియన్ ఉద్యోగుల సంఘం ఏర్పడింది. 2020లో అమెరికా సుప్రీంకోర్టు, ఈ కారణంగా ఉద్యోగం తీసేయడం చట్టవిరుద్ధమని తీర్పునిచ్చింది.

మన దేశంలో 2018 సెప్టెంబరు 6న సుప్రీంకోర్టు స్వలింగ సంబంధాలు నేరం కాదంది. అయితే వారికి ఉద్యోగంలో రక్షణ కల్పించే ప్రత్యేక చట్టం ఇంకా లేదు. సునాబెడ హెచ్‌ఏఎల్, దమన్‌జోడి నాల్కో, జేకేపూర్ పేపరు మిల్లు వంటి చోట్ల మన కుటుంబాలు తరాలుగా పనిచేస్తున్నాయి. ఉద్యోగం పోతే ఇల్లు ఏమవుతుందో మనకు ఎవరూ చెప్పనక్కరలేదు. పని సక్రమంగా చేసే మనిషికి ఆ భయం ఉండకూడదన్నదే కామెనీ జీవితకాలం అడిగింది.