కొండే బడి అయిన కుర్రాడు: ఈనస్ మిల్స్

టండ్రా అంటే ఏమిటని అడిగితే మన పిల్లలు ధ్రువ ప్రాంతాల పేర్లు గడగడా చెప్పేస్తారు. కానీ ఉత్తర ధ్రువానికి ఎంతో దూరంలో, అమెరికాలోని కొలరాడో రాష్ట్రంలో కూడా టండ్రా ఉంది. అక్కడి చలికి కారణం ఎత్తు. రాకీ మౌంటెన్ నేషనల్ పార్కులో సుమారు 11,400 అడుగులు దాటితే చెట్లు పెరగవు. నేలకు అతుక్కుని చిన్న చిన్న పూల మొక్కలు మాత్రమే బతుకుతాయి. మనం తొక్కి పాడుచేస్తే అవి మళ్లీ కోలుకోవడానికి దశాబ్దాలు పడుతుంది. ఇంకొంచెం పైన, లాంగ్స్ పీక్ శిఖరం కింద, కాజమ్ లేక్ అనే చల్లని సరస్సు ఉంది. ఈ కొండలు పార్కుగా మిగలడం వెనుక ఒకప్పటి జబ్బు పిల్లవాడి కథ ఉంది.

ఈనస్ మిల్స్ 1870 ఏప్రిల్ 22న కాన్సస్ రాష్ట్రంలో ఒక రైతు కుటుంబంలో పుట్టారు. చిన్నప్పటి నుంచీ జీర్ణకోశ వ్యాధితో బాధపడేవారు. బడి చదువు పెద్దగా సాగలేదు. 14 ఏళ్లకు ఇల్లు వదిలి, ఆరోగ్యం కోసం వందల మైళ్ల దూరంలోని కొలరాడో కొండలకు వెళ్లారు. ఆ వయసు బిడ్డను అంత దూరం పంపించడం ఏ తల్లికైనా ఎంత కష్టమో మీకు చెప్పనక్కర్లేదు.

ఎస్టెస్ పార్క్ అనే ఊళ్లో చిన్నాచితకా పనులు చేస్తూ, 15 ఏళ్లకే 14,259 అడుగుల లాంగ్స్ పీక్ ఎక్కారు. ఆ కొండ దిగువన తన చేతులతోనే దుంగల ఇల్లు కట్టుకోవడం మొదలుపెట్టారు. ఆ ఇల్లు ఇప్పటికీ ఉంది. జీవితంలో దాదాపు 300 సార్లు ఆ శిఖరం ఎక్కారు. చలికాలంలో మాత్రం పొట్టకూటి కోసం మోంటానాలోని రాగి గనుల్లో పనిచేసేవారు.

1889లో గనిలో మంటలు లేచి పని ఆగిపోయింది. ఆ ఖాళీలో కాలిఫోర్నియా వెళ్లి, శాన్ ఫ్రాన్సిస్కో సముద్రతీరంలో ప్రకృతి రచయిత జాన్ మ్యూర్‌ను కలుసుకున్నారు. చూసినదాన్ని రాయమని, నలుగురికీ చెప్పమని మ్యూర్ ప్రోత్సహించారు. 19 ఏళ్ల కుర్రాడికి అక్కడ దారి దొరికింది.

తర్వాత కొన్నేళ్లు కొలరాడో ప్రభుత్వం కోసం కొండల మీద మంచు లోతు కొలిచే ఉద్యోగం చేశారు. వేసవిలో పొలాలకు ఎంత నీరు వస్తుందో ఆ కొలతలను బట్టే అంచనా వేసేవారు. ఒకసారి నల్ల కళ్లద్దాలు పోగొట్టుకుని, మంచు మీది వెలుగుకు చూపు పోయి, శిఖరం దగ్గర ఒంటరిగా చిక్కుకున్నారు. చెట్ల బెరడు తడుముతూ, కేక వేసి ప్రతిధ్వని వింటూ దిగువకు చేరారు. అన్నేళ్లుగా కొండ నేర్పిన చదువే ఆ రోజు ప్రాణం కాపాడింది.

1902లో లాంగ్స్ పీక్ కింద ఒక హోటల్ కొన్నారు. వచ్చిన అతిథులను, వాళ్ల పిల్లలను అడవిలోకి తీసుకెళ్లేవారు. ఎనిమిదేళ్ల పాపను కూడా శిఖరం దాకా నడిపించారు. చెట్ల పేర్లు బట్టీ పట్టించడం ఆయనకు ఇష్టం ఉండేది కాదు. ఉడత ఏం దాస్తోందో, బీవర్ ఆనకట్ట ఎలా కడుతోందో పిల్లలే చూసి అడగాలి. అడిగాకే ఆయన చెప్పేవారు.

1909 నుంచి ఆ కొండలను జాతీయ పార్కుగా కాపాడాలని ఊరూరా తిరిగి ఉపన్యాసాలు ఇచ్చారు, వ్యాసాలు రాశారు. అడవుల మీద ఆధారపడిన వ్యాపారాలు ఎదురు నిలిచాయి. ఆయన అడిగిన వెయ్యి చదరపు మైళ్లకు బదులు దాదాపు 358 చదరపు మైళ్లే దక్కాయి. 1915 జనవరి 26న అధ్యక్షుడు వుడ్రో విల్సన్ ఆ చట్టంపై సంతకం చేశారు.

కథ అక్కడితో సుఖాంతం కాలేదు. పార్కులో వాహనాలు నడిపే హక్కు ఒకే సంస్థకు ఇవ్వడం తప్పని ఆయన పార్కు అధికారులతోనే పోట్లాడారు. పాత మిత్రులు కొందరు దూరమయ్యారు. 1922 సెప్టెంబరులో, 52 ఏళ్లకే కన్నుమూశారు. అప్పటికి ఆయన కూతురికి మూడేళ్లు. హోటల్ బాధ్యతను భార్య ఎస్తర్ తీసుకున్నారు. ఆమె స్వయంగా లైసెన్సు పొందిన నేచర్ గైడ్.

ఈ జీవితం చదివాక నా క్లాసు గుర్తొచ్చింది. టండ్రా స్పెల్లింగ్ తప్పు లేకుండా రాసే పిల్లలను, స్కూలు గేటు పక్కనున్న చెట్టు ఏమిటని అడిగితే ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. తప్పు వాళ్లది కాదు. వాళ్లను ఆ చెట్టు దగ్గర ఐదు నిమిషాలు నిలబెట్టింది లేదు, నేను కూడా.

మన పిల్లలను 14 ఏళ్లకు కొండల్లోకి పంపనక్కర్లేదు. ఈ ఆదివారం ఒక గంట, ఫోన్ ఇంట్లో పెట్టి, దగ్గరలోని చెరువు గట్టుకో పార్కుకో తీసుకెళ్లండి. ముందుగా మీరేమీ చెప్పకండి. వాళ్లు అడిగే మొదటి ప్రశ్న కోసం ఆగండి. జవాబు మీకు తెలియకపోతే సోమవారం ఆ ప్రశ్నను నా దగ్గరకు పంపండి. క్లాసులో అందరం కలిసి వెతుకుతాం.