భాస్కరాచార్యుడు

భాస్కరాచార్యుడు (జననం: క్రీ.శ. 1114) 12వ శతాబ్దానికి చెందిన సుప్రసిద్ధ భారతీయ గణిత, ఖగోళ శాస్త్రవేత్త. 7వ శతాబ్దంలో ఇదే పేరుగల మరొక శాస్త్రజ్ఞుడు ఉన్నందున ఇతనిని రెండవ భాస్కరుడు అని కూడా వ్యవహరిస్తారు. ఇతని లీలావతి గ్రంథం అనేక శతాబ్దాల పాటు భారతదేశంలో అంకగణితానికి పాఠ్యగ్రంథంగా నిలిచింది. బీజగణితంలోను, గ్రహగణితంలోను ఇతడు సాధించిన ఫలితాలు విఖ్యాతమైనవి. అయితే కూడిక, తీసివేత వంటి ప్రాథమిక పరిక్రియలను పద్యరూపమైన సమస్యల ద్వారా బోధించిన తీరు కూడా అంతే గమనింపదగినది. ఈ వ్యాసంలో ఆ భాగానికి కొంత ఎక్కువ స్థానం ఇవ్వబడింది.

జీవితం

శక సంవత్సరం 1036లో తాను జన్మించినట్లు, 36వ ఏట సిద్ధాంత శిరోమణిని రచించినట్లు భాస్కరుడే ఆ గ్రంథంలో తెలిపాడు. అనగా గ్రంథరచన 1150లో జరిగింది. తండ్రి మహేశ్వరుడు జ్యోతిష పండితుడు. భాస్కరునికి ఆయనే గురువు. నివాసస్థలం సహ్యపర్వత ప్రాంతంలోని విజ్జలవిడం. ఈ ఊరు నేడు ఎక్కడ ఉన్నదనే విషయంపై పండితులలో ఏకాభిప్రాయం లేదు. లీలావతి, బీజగణితం, గ్రహగణితం, గోళాధ్యాయం అనే నాలుగింటిని కలిపి సిద్ధాంత శిరోమణి అనడం వాడుక. సుమారు 69 ఏళ్ల వయసులో, 1183ను ఆరంభ సంవత్సరంగా తీసుకొని, గ్రహగణనలను సులభం చేసే కరణకుతూహలం రచించాడు.

లీలావతిలో వ్యవకలనం

లీలావతి మొదట కొలమానాలను, ఆపై ఏకం నుండి పరార్ధం వరకు 18 స్థానాల పేర్లను వివరిస్తుంది. ఒక్కొక్క స్థానం దాని ముందరి స్థానానికి పది రెట్లు. తరువాత సంకలనం, వ్యవకలనం మొదలుకొని ఘనమూలం వరకు ఎనిమిది పరికర్మలు వస్తాయి. కూడిక, తీసివేతలు రెంటికీ కలిపి భాస్కరుడు కేటాయించినది చాలా స్వల్పమైన సూత్రం. ఏ స్థానపు అంకెను ఆ స్థానపు అంకెతోనే కలపాలి, లేదా దాని నుండే తీసివేయాలి. ఈ పనిని ఒకట్ల స్థానం నుండి క్రమంగా గాని, పెద్ద స్థానం నుండి వ్యుత్క్రమంగా గాని చేయవచ్చు. ఇంతకు మించి సూత్రంలో ఏమీ లేదు.

వెంటనే ఒక ఉదాహరణ ఉంది. 2, 5, 32, 193, 18, 10, 100 సంఖ్యలను కూడి, ఆ మొత్తాన్ని 10,000 నుండి తీసివేస్తే ఎంత మిగులుతుందో చెప్పమని ఒక బాలికను అడుగుతాడు. మొత్తం 360, శేషం 9,640. చూడడానికి సులభంగా తోచే ఈ లెక్కలో వ్యవకలనపు అసలు కష్టం దాగి ఉన్నది. పదుల స్థానంలో సున్న నుండి 6 తీయాలి. పక్కనున్న వందల స్థానంలో అప్పు ఇవ్వడానికి ఏమీ లేదు. వేల స్థానంలోనూ లేదు. పదివేల స్థానంలోని ఒకటిని విడదీసి పది వేలుగా మార్చాలి. అందులో ఒక వేయిని పది వందలుగా, అందులో ఒక వందను పది పదులుగా మార్చాలి. అప్పుడు వేల స్థానంలో 9, వందల స్థానంలో 9, పదుల స్థానంలో 10 నిలుస్తాయి. పది నుండి 6 పోగా 4, తొమ్మిది నుండి 3 పోగా 6, వేల స్థానపు 9 యథాతథం. ఈ మార్పిడి తెలియని విద్యార్థి ప్రతి స్థానంలోను చిన్న అంకెను పెద్ద అంకె నుండి తీసివేసి 10,360 అని వ్రాస్తాడు. తీసివేసిన పిదప మొదటికంటే ఎక్కువ మిగలడం అసంభవమని అతనికి తట్టదు. నేటి తరగతి గదులలోనూ ఇది సామాన్యంగా కనిపించే పొరపాటే.

అప్పు తెచ్చుకొనే పద్ధతిని భాస్కరుడు మాటలలో వివరించలేదు. ఆ పని తరువాతి వ్యాఖ్యాతలు చేశారు. తీసివేయ వీలుకాని అంకెను పది నుండి తీసి శేషాన్ని ఉంచాలని, ఆ పదిని పై స్థానం నుండి తగ్గించాలని, స్థానాలు పది రెట్ల చొప్పున పెరగడమే దీనికి కారణమని వారు విశదీకరించారు. ఆనాడు గణితాన్ని దుమ్ము పరచిన పలక మీద వేళ్లతోనో పుల్లతోనో చేసేవారు. అంకెను చెరిపి మార్చడం సులువు గనుక వ్యుత్క్రమ పద్ధతి కూడా ఆచరణలో ఉండేది. పై లెక్కనే అలా చేస్తే 10,000 నుండి 300 పోగా 9,700, దాని నుండి 60 పోగా 9,640.

నాణెముల లెక్కలలో అప్పు పది కాదు. లీలావతి ప్రకారం 20 వరాటకాలు ఒక కాకిణి, 4 కాకిణులు ఒక పణం, 16 పణాలు ఒక ద్రమ్మం, 16 ద్రమ్మాలు ఒక నిష్కం. కనుక పణాలు చాలనప్పుడు ఒక ద్రమ్మాన్ని విడదీస్తే 16 పణాలు వస్తాయి. 1957 వరకు మన దేశంలో రూపాయికి 16 అణాలు ఉన్న కాలంలో చదువుకొన్నవారికి ఈ పద్ధతి సుపరిచితం.

శేషముల సమస్యలు

ఒక యాత్రికుడు తన ధనంలో సగం ప్రయాగలో, మిగిలినదానిలో తొమ్మిదింట రెండు వంతులు కాశిలో, ఆపై శేషంలో నాలుగో వంతు దారి సుంకానికి, ఇంకనూ మిగిలినదానిలో పదింట ఆరు వంతులు గయలో వ్యయం చేయగా 63 నిష్కాలు మిగిలాయి. మొదట ఎంత ఉన్నది? సమాధానం 540. వరుసగా 270, 60, 52½, 94½ పోగా 63 మిగులుతాయి. ప్రతి వంతును మొదటి ధనంలో కాక అప్పటి శేషంలో తీయవలెనని గ్రహించడమే ఇందులోని కీలకం.

పద్యాలలో లెక్కలు చెప్పడం భాస్కరునితో మొదలు కాలేదు. 9వ శతాబ్దంలో మహావీరాచార్యుడు రచించిన గణితసార సంగ్రహాన్ని పావులూరి మల్లన భాస్కరుని కంటె ముందే, 11వ శతాబ్దంలో, తెలుగు పద్యాలలోకి తెచ్చాడు.

ఋణ సంఖ్యలు

చిన్న సంఖ్య నుండి పెద్ద సంఖ్యను తీసివేస్తే ఏమవుతుందన్న ప్రశ్నకు సమాధానం బీజగణితంలో లభిస్తుంది. అచ్చట ధన, ఋణ రాశుల నియమాలు ఉన్నాయి. ఋణరాశిని అంకెపై చుక్కతో సూచించారు. సున్న నుండి ధనాన్ని తీసివేస్తే ఋణమవుతుంది. స్థానాల మధ్య తెచ్చుకొనే అప్పు ఈ ఋణం వంటిది కాదు. అది అదే సంఖ్యలోని ధనాన్ని చిల్లరగా మార్చుకోవడం మాత్రమే.

అయినా ఋణ రాశిని ఎల్లచోట్ల అంగీకరించలేదు. ఒక కోతుల గుంపులో అయిదో వంతు నుండి 3 తీసివేసి, దాని వర్గానికి సమానమైనన్ని కోతులు గుహలోకి పోగా ఒక్కటి కనబడిందనే సమస్యకు 50, 5 అని రెండు ఫలితాలు వస్తాయి. 5 తీసుకొంటే ఒకటి నుండి మూడు తీసివేయవలసి వస్తుంది. అటువంటి ఋణరాశిని లోకులు ఒప్పుకోరని భాస్కరుడు దానిని వదలివేశాడు. సమీకరణానికి రెండూ సరిపోతాయి గాని, కోతుల సంఖ్యకు ఒకటే సరిపోతుంది.

లీలావతి పేరు

వివాహ ముహూర్తం తప్పిన కుమార్తెను ఓదార్చుటకు భాస్కరుడు ఆమె పేరిట గ్రంథం వ్రాశాడన్న కథ ప్రచారంలో ఉంది. ఇది అక్బరు ఆస్థాన కవి ఫైజీ 1587లో చేసిన పారశీక అనువాదపు పీఠికలో కనిపిస్తుంది. మూలగ్రంథంలో ఈ కథ లేదు. అందులోని సంబోధనలు బాలికకే కాక మిత్రునికి, వర్తకునికి కూడా ఉన్నందున కథను చరిత్రగా స్వీకరించడం కష్టం.

అనంతర కాలం

భాస్కరుని కుమారుడు లక్ష్మీధరుడు యాదవ రాజు జైత్రపాలుని ఆదరణ పొందాడు. మనుమడు చంగదేవుడు సింఘణుని ఆస్థాన జ్యోతిష్కుడు. భాస్కరుని గ్రంథాలను బోధించుటకు చంగదేవుడు 13వ శతాబ్ది ఆరంభంలో ఒక మఠం నెలకొల్పినట్లు మహారాష్ట్రలోని పాటణ శాసనం తెలుపుతున్నది. ఈ శాసనాన్ని 19వ శతాబ్దంలో భావూ దాజీ వెలుగులోకి తెచ్చాడు. 1817లో కోల్‌బ్రూక్ లీలావతి, బీజగణితాలను ఆంగ్లంలోకి అనువదించాడు. 1979, 1981 సంవత్సరాలలో ప్రయోగించిన రెండు భారతీయ ఉపగ్రహాలకు భాస్కర అని పేరు పెట్టారు.