డాక్టరు యల్లాప్రగడ సుబ్బారావుగారు

ఊరు విడిచి పరదేశంలో పని చేసి లోకానికంతటికీ మేలు చేసిన ఒక తెలుగు వైద్యుని చరితమును ఈ సంచికలో స్మరింప దలచినాము.

సుబ్బారావుగారు 1895 జనవరి 12వ తేదీన భీమవరంలో జన్మించినారు. తండ్రి జగన్నాథంగారు, తల్లి వెంకమ్మగారు. ఇల్లు పేదది, సంతానం ఎక్కువ. పదమూడవ యేట కాశీకి పోయి యాత్రికులకు అరటిపండ్లు అమ్ముకొని ధనవంతుడను కావలెనని ఇల్లు విడిచిన పిల్లవానిని తల్లి వెనుకకు రప్పించి, మరల బడిలో వేసినది. మెట్రిక్యులేషను మూడవ ప్రయత్నంలో గాని గట్టెక్కలేదు. తరువాత సన్యసింప బూనగా తల్లి ఒప్పుకొనలేదు. వైద్యుడవై జనులకు సేవ చేయుమని మదరాసు వైద్య కళాశాలకు పంపినది. ఆ కాలమునకు మన ఛత్రపూర్, బరంపురం కూడా మదరాసు రాజధానిలోనివే. 1936 ఏప్రిల్ 1న గదా ఒరిస్సా రాష్ట్రం ఏర్పడినది!

ఖద్దరు ధరించినందుకు ఆచార్యుడొకరి ఆగ్రహమునకు పాత్రులైనందున, వారికి ఎం.బి.బి.ఎస్. పట్టం రాలేదు; ఎల్.ఎం.ఎస్. మాత్రం లభించినది. అంతకన్న పెద్ద దెబ్బ ఇంటిలో తగిలినది. స్ప్రూ అనే ఉష్ణదేశపు గ్రహణి రోగంతో అన్నదమ్ములిద్దరు కొద్ది దినాల వ్యవధిలో పోయినారు. అదే రోగం వారినీ పట్టగా డాక్టరు ఆచంట లక్ష్మీపతిగారి ఆయుర్వేద చికిత్సతో బ్రతికినారు. రోగానికి పేరున్నది, కారణం మాత్రం ఎవరికీ అంతు పట్టలేదు. పేరు తెలిసి, లోతు తెలియకపోతే వైద్యుడు మంచం ప్రక్కన చేతులు ముడుచుకొని నిలువవలసినదేనని వారికి బోధపడినది.

మామగారి సాయంతోను, ధర్మసంస్థల విరాళంతోను వారు అమెరికాలోని బోస్టను నగరం చేరి హార్వర్డులో చదివినారు. చేతిలో డబ్బు చాలక రాత్రివేళ ఆస్పత్రిలో రోగుల మలమూత్ర పాత్రలు కడిగినారు. 1925లో ఫిస్కే అనే ఆచార్యునితో కలిసి, రక్తమూత్రాదులలో భాస్వరం ఎంత ఉన్నదో నీలిరంగు చిక్కదనమును బట్టి కొలుచు పద్ధతిని ప్రకటించినారు. ఆ కొలతే వారిని కండరాలకు శక్తినిచ్చు పదార్థాల వద్దకు నడిపించినది. ఊహకు ముందు కొలత అన్నదే వారి మార్గం.

హార్వర్డులో శాశ్వతోద్యోగం దొరకక 1940లో లెడర్లీ ఔషధ సంస్థలో చేరి, పరిశోధనలకు నాయకులైనారు. వారి బృందం ఫోలిక్ ఆమ్లమును కృత్రిమంగా తయారు చేసినది. అది అన్నదమ్ములను చంపిన స్ప్రూ వ్యాధికే ఉపకరించినది. బోదకాలుకు హెట్రజాన్ అక్కడనే పుట్టినది. గంజాం తీరంలో నివసించు మనకు ఆ రోగం కొత్త కాదు. దేశంలో 2004 నుండి బోదకాలు జిల్లాలలో ఇంటింటా పంచుతూ వచ్చిన మాత్ర ఆ మందే.

పెన్సిలిన్ లొంగదీయలేని క్రిములు అప్పటికి చాలా ఉండినవి. లోకంలోని పలుచోట్ల మట్టిని తెప్పించి, అందులోని సూక్ష్మజీవులను పరీక్షింపజేయగా, వృద్ధ వృక్షశాస్త్రజ్ఞుడు డుగ్గర్ చేతికి ఆరియోమైసిన్ చిక్కినది. పలు జాతుల బాక్టీరియాలపై పని చేయు ఆ మందు 1948లో లోకానికి వెల్లడైనది. టెట్రాసైక్లిన్ కుటుంబానికి అదే మొదటిది. ఆ ఆగస్టులోనే, 53వ యేట, సుబ్బారావుగారు నిద్రలో కన్ను మూసినారు. స్వదేశమును, భార్య శేషగిరిగారిని మరల చూడనే లేదు.

అదే 1948లో మరొక కార్యం జరిగినది. ప్రపంచ ఆరోగ్య సంస్థ రోగాల అంతర్జాతీయ పట్టికను ఆరవమారు సవరించి, అంతవరకు ముఖ్యంగా మరణకారణాలకే పరిమితమైన దానిని బ్రతికియున్న రోగుల వ్యాధులకు కూడా విస్తరింపజేసినది. క్రిములు రక్తంలో చేరి దేహం విషమించు స్థితికి అందులో 053 అను అంకె వచ్చినది. ఇండ్లలో మనం సెప్టిక్ అయినదని చెప్పుకొనేది ఇదే; వైద్యులు సెప్సిస్ అంటారు. పదవ సవరణలో స్ట్రెప్టోకాకస్ వలన కలిగినది ఏ-40, తక్కినవి ఏ-41. స్టఫిలోకాకస్ ఆరియస్ అయితే ఏ-41.0, ఏ క్రిమియో తేలకపోతే ఏ-41.9. బాలెంతకు వస్తే ఓ-85, పుట్టిన బిడ్డకు వస్తే పి-36.

ఈ అంకెలు గుమాస్తాల గొడవ కాదు. ఏ క్రిమియో తెలిస్తే ఏ మందో తెలియును. 2017లో ప్రపంచంలో సుమారు 4 కోట్ల 89 లక్షల మందికి సెప్సిస్ వచ్చినదని, 1 కోటి 10 లక్షల మంది మరణించినారని అంచనా. అయినను మరణ పత్రాలలో దానికి మూలమైన న్యుమోనియాయో, కాన్పో, గాయమో లెక్కకెక్కి సెప్సిస్ మరుగున పడుట కద్దు. లెక్కకు రాని రోగానికి నిధులు రావు, మంచాలు రావు.

పేరు లేని రోగమెంత పని చేయునో మన నేలకే తెలుసును. ఋషికుల్య ఒడ్డున గంజాం పట్టణం జిల్లాకు ముఖ్యస్థానమై వర్ధిల్లుచుండగా 1815 ప్రాంతంలో ఘోరమైన జ్వరం వ్యాపించి పట్టణం పాడుపడినది. కచేరీలు తరలిపోయి, తుదకు కలెక్టరు స్థానం మన ఛత్రపూర్‌లో కుదురుకొన్నది. ఆ చావులన్నీ జ్వరమను ఒక్క మాట క్రిందనే మిగిలిపోయినవి.

కావున మన కుటుంబాలకు మేము మనవి చేయునది ఇది. జ్వరంతోగాని, చలితోగాని ఉన్న రోగి మాట తడబడినా, ఊపిరి వేగమైనా, మూత్రం తగ్గినా ఇంట ఆలస్యం చేయక ఆస్పత్రికి చేర్చవలెను. చికిత్స ఆలస్యం కాని పక్షంలో మొదటి మోతాదుకు ముందే రక్తం కల్చరుకు తీయుట మంచిది. పరీక్ష పేరిట మందును ఆపరాదు. ఇంటికి పంపునప్పుడు ఇచ్చు కాగితంలో ఏ క్రిమి, ఎక్కడ పుట్టినది, ఏ అవయవం దెబ్బ తిన్నది అను మూడు సంగతులు వ్రాసియున్నవో లేదో అడిగి చూచుకొనవలెను. భాష వేరు, ఊరు వేరు అయిన చోట రేపు మరొక వైద్యునికి మన మాట చెప్పునది ఆ కాగితమే.

ఆరియోమైసిన్ నేడు సెప్సిస్‌కు మందు కాదు. దానిని మించినవి ఎన్నో వచ్చినవి. సుబ్బారావుగారి పేరు ఏ మందు సీసా మీదను లేదు. అయినను కొలిచి, గుర్తించి, పేరు తేల్చి, ఆపై మందు వెదకిన వారి బాట మాత్రం ప్రతి ఆస్పత్రి మంచం ప్రక్కన నేటికీ ఉన్నది. ఆ బాటను మన పిల్లలు కొందరైనను పట్టుదురుగాక!