కార్మెన్ మిరాండా: తలపాగాలో ఒక దేశం

బ్రతుకుతెరువు కోసం పుట్టినగడ్డను విడిచిన కుటుంబాలను ఒక ప్రశ్న తరతరాలుగా వెంటాడుతూ ఉంటుంది. వారు ఎక్కడివారు? మగ్గాన్ని నమ్ముకొని తెలంగాణ పల్లెల నుండి సోలాపూరు చేరిన పద్మశాలి కుటుంబాలకు ఈ ప్రశ్న కొత్తది కాదు. స్వగ్రామానికి వెళితే సోలాపూరువారని, ఇక్కడ తెలుగువారని పిలిపించుకోవడం దాజీ పేటలో పెరిగినవారికి అనుభవమే. ఇదే ప్రశ్నను జగత్ప్రసిద్ధి పొందిన ఒక గాయని జీవితాంతం ఎదుర్కొన్నది. ఆమె బ్రెజిల్ దేశపు గానకోకిలగా పేరుగాంచిన కార్మెన్ మిరాండా. ఆమె మాతృభాష పోర్చుగీసు. సోలాపూరు మగ్గాలపై నేసే తువాలుకు ఆ పేరు వచ్చినది కూడా ఆ భాష నుండే.

కార్మెన్ 1909 ఫిబ్రవరి 9న పోర్చుగల్ దేశంలోని ఒక చిన్న గ్రామంలో జన్మించింది. తల్లిదండ్రులు పెట్టిన పేరు మరియా దు కార్ము. తండ్రి క్షురకవృత్తితో జీవించేవాడు. ఆయన ముందుగా బ్రెజిల్ చేరి, నాటి రాజధాని రియో డి జనీరో నగరంలో స్థిరపడ్డాడు. ఏడాదైనా నిండని కార్మెన్‌ను, పెద్దకుమార్తె ఒలిండాను వెంటబెట్టుకొని తల్లి సముద్రం దాటి అక్కడికి చేరింది.

ఆ ఇంట కలిమి లేదు. ఒలిండాకు క్షయ సోకగా, చికిత్స కోసం ఆమెను పోర్చుగల్‌కు పంపవలసి వచ్చింది. ఆ ఖర్చుకు తోడుగా కార్మెన్ తన 14వ ఏట మెడకు కట్టుకునే టైలు అమ్మే దుకాణంలో పనికి కుదిరింది. తరువాత టోపీల దుకాణంలో చేరి, గుడ్డను మలచి శిరోభూషణాలు తయారుచేసే నేర్పును సంపాదించింది. చేతులు పనిలో ఉండగా కంఠం పాటలో ఉండేది. ఆ దుకాణపు పనితనమే మున్ముందు ఆమె కీర్తికి కిరీటమైనది.

ఆ కాలంలో రియో నగరంలో సాంబా అనే కొత్త సంగీతం రూపుదిద్దుకొంటున్నది. ఆఫ్రికా నుండి బానిసలుగా తెచ్చినవారి సంతతి పెంచిన సంగీతమది. బ్రెజిల్‌లో బానిసత్వం 1888లో రద్దయినది. ఈశాన్యాన ఉన్న బహియా ప్రాంతం నుండి పని వెదుక్కుంటూ రియోకు వలస వచ్చిన నల్లజాతి కుటుంబాలు తమ తాళాలను, తమ ఆటపాటలను వెంట తెచ్చుకున్నాయి. పెద్దమనుషులు మొదట ఆ సంగీతాన్ని చిన్నచూపు చూశారు. కాని గ్రామఫోను, రేడియో, ఏటేటా జరిగే కార్నివాల్ ఉత్సవం దానిని ఇంటింటికీ చేర్చాయి. 1930లో కార్మెన్ పాడిన ‘తాయీ’ అనే ఉత్సవగీతం రికార్డు అపూర్వంగా అమ్ముడుపోయింది. కొద్ది సంవత్సరాలలోనే ఆమె దేశంలోని గాయనీమణులలో అగ్రస్థానాన నిలిచింది.

1939లో విడుదలైన ‘బనానా ద తెర్రా’ చిత్రం ఆమె జీవితాన్ని మలుపు తిప్పింది. దోరివల్ కాయిమీ అనే బహియా కవిగాయకుడు రచించిన పాటకు ఆమె బహియా స్త్రీ వేషం ధరించింది. తలపై తట్ట పెట్టుకొని వీధులలో తినుబండారాలు అమ్ముకునే నల్లజాతి స్త్రీల దుస్తులవి. వెడల్పయిన కుచ్చుల పావడా, అల్లిక రవిక, మెడనిండా పూసలు, భుజంపై ఆఫ్రికా తీరపు నేతశాలువ, తలకు పాగా. ఆ వేషానికి కార్మెన్ తళుకులు అద్ది, పాగాపై చిన్న పండ్లబుట్టలు అమర్చింది. నిండా అయిదు అడుగుల పొడవు మాత్రమే ఉన్న ఆమెకు ఎత్తయిన పాగా, ఎత్తుమడమల పాదరక్షలు కొత్త నిండుదనాన్ని ఇచ్చాయి.

రియోలోని ఒక వినోదశాలలో ఆమె ప్రదర్శన చూసిన లీ షూబర్ట్ అనే అమెరికన్ నాటకశాలాధిపతి ఆమెను న్యూయార్క్‌కు ఆహ్వానించాడు. తన వాద్యబృందం లేనిదే తాను రానని కార్మెన్ పట్టుబట్టింది. సాంబా లయ పరాయి వాద్యగాళ్ళ చేతికి చిక్కదని ఆమెకు తెలుసు. 1939 వేసవిలో న్యూయార్క్ రంగస్థలంపై ఆమె పాటలు మారుమ్రోగాయి. భాష తెలియని ప్రేక్షకులు సైతం ఆమె కన్నులలో, చేతులలో భావాన్ని చదువుకున్నారు.

1940 జులైలో ఆమె రియోకు తిరిగి రాగా సామాన్యజనం వీధులలో నిలిచి స్వాగతం పలికారు. కాని కొద్దిరోజులకే, సంపన్నులతో నిండిన సభలో ఆమె ఆంగ్లంలో పలకరించి పాట అందుకోగానే మౌనమే బదులైనది. అమెరికా మనిషిగా మారిపోయిందని నింద మోపారు. ఆమె కన్నీరు పెట్టుకున్నది. అయితే వాదులాడలేదు. రెండు నెలల తరువాత ఆ వేదికపైకే తిరిగివచ్చి, ఆ నిందకు హాస్యపూరితమైన సాంబా గీతంతోనే సమాధానం చెప్పి, సభను గెలుచుకున్నది.

పిమ్మట ఆమె హాలీవుడ్ చేరింది. రెండవ ప్రపంచయుద్ధకాలంలో దక్షిణ అమెరికా దేశాలతో మైత్రిని కోరిన అమెరికాకు ఆమె చిత్రాలు ఎంతో ఉపకరించాయి. 1945 నాటికి ఆ దేశంలో అత్యధిక ఆదాయం పొందే స్త్రీగా ఆమె పేరుకెక్కింది. కాని కీర్తి పెరిగినకొద్దీ పాత్ర కుంచించుకుపోయింది. తప్పుల ఆంగ్లం పలికి నవ్వించే పండ్ల పాగా స్త్రీగానే ఆమెను చూపారు. ఎడతెగని శ్రమ, నిద్రమాత్రలు, ఉత్తేజకరమైన మందులు ఆరోగ్యాన్ని హరించాయి. 1954 డిసెంబరులో, 14 సంవత్సరాల తరువాత, విశ్రాంతి కోసం రియోకు వచ్చి కొన్ని నెలలు గడిపి మరల పనికి మరలింది. 1955 ఆగస్టు 5న, ఒక టెలివిజన్ కార్యక్రమపు చిత్రీకరణ ముగించి ఇల్లు చేరిన కొద్ది గంటలకు, 46 ఏళ్ళ వయసులో గుండెపోటుతో కన్నుమూసింది.

ఆమె భౌతికకాయాన్ని రియోకు తెచ్చిన నాడు లక్షలాది జనం వీధులలో నిలిచి సాగనంపారు. కాగితాల ప్రకారం ఆమె చివరివరకు పోర్చుగల్ పౌరురాలే. అయినా తమ ఆడపడుచును పోగొట్టుకున్నట్లు బ్రెజిల్ విలపించింది. 1976లో రియోలో ఆమె పేరిట వస్తుప్రదర్శనశాల వెలిసింది. ఆమె పాగాలు, దుస్తులు అందులో స్థానం పొందాయి.

ఈ జీవితంలో మరువరాని మరొక అంశమున్నది. కార్మెన్ ధరించిన వేషం తట్ట మోసి పిల్లలను పోషించుకున్న బహియా స్త్రీలది. వారి పేర్లు ఏ తెరమీదా కనిపించలేదు. అయితే రియో కార్నివాల్‌లో ప్రతి ప్రముఖ సాంబా బృందమూ తన ఊరేగింపులో బహియా స్త్రీల వేషధారిణుల వరుసను నడిపించి తీరవలెనన్న నియమం నేటికీ ఉన్నది. ఎందరో వృద్ధ స్త్రీలు ఆ వరుసలో గౌరవంగా నడుస్తారు. ఋణం తీర్చుకునే పద్ధతులలో అదొకటి.

ఇంట తెలుగు, వీధిలో మరాఠీ, బజారులో హిందీ పలికే బాలబాలికలకు ఈ కథ దూరపు కథ కాదు. కొత్త భాష నేర్చినంత మాత్రాన పాత భాష దూరం కాదు. దానిని పలకడం మానినప్పుడే దూరమవుతుంది. కార్మెన్ పరదేశంలో పదహారేళ్ళు గడిపినా పోర్చుగీసు పాటను విడిచిపెట్టలేదు. ఎక్కడివారన్న ప్రశ్నకు ఆమె మాటలతో చెప్పిన సమాధానాన్ని అందరూ నమ్మలేదు. జీవితాంతం పాడిన పాటను మాత్రం నమ్మారు.